గౌలిపురాలో ముగ్గురు మల్లయ్యలు

మా సందు చివరింటి సుజాతకు టీకాలు వేసే ఉద్యోగం వచ్చింది. ఆర్డరు కాగితం అందిన మర్నాడే మా ఇంటికి వచ్చి, "తాతా, నువ్వు ముప్పై ఏండ్లు గిదే పని చేసినవ్ గద, నాకేమన్న చెప్పు" అని కూర్చుంది. నేను కూర్చోలేదు. నాకు కూర్చోవడం చేతకాదు. వరండాలో ఈ కొస నుంచి ఆ కొసకు నడుస్తూ, "గడప దగ్గర నిలబడి ఎవరి పేరన్న అడిగే ముందు నీ పేరు చెప్పు" అన్నాను.

"గంతేనా?"

"గంతే."

పిల్ల పడీ పడీ నవ్వింది. సూది ఎట్లా పట్టాలో, ఏడ్చే పిల్లలను ఎట్లా ఊరుకోబెట్టాలో చెబుతాననుకుందట. నవ్వితే నవ్వింది కానీ, ఆమె వెళ్లాక నా మనసు ఒక చోట నిలవలేదు. ఆ ఒక్క ముక్క నేర్చుకోవడానికి నాకు పదేళ్లు పట్టింది. అందుకు నష్టపోయింది మాత్రం నేను కాదు, ఇంకొకరి పిల్లవాడు. అందుకే ఇది రాస్తున్నాను. నాకు ఎప్పుడు ప్రమోషన్ వచ్చింది, ఏ ఊరికి బదిలీ చేశారు అన్నవి ఇందులో ఉండవు. అవి తెలిసి ఎవరికీ ఒరిగేది లేదు.

పని, నా పేరు

పందొమ్మిది వందల ముప్పైల నడుమ మశూచి టీకాల ఉద్యోగంలో చేరాను. పాతబస్తీలో శాలిబండ నుంచి అలియాబాద్ దాకా నా వంతు. మధ్యలో లాల్ దర్వాజా, గౌలిపురా. చంకలో రిజిస్టరు, భుజానికి తోలు సంచి. సంచిలో సూది, చిన్న స్పిరిట్ దీపం, తడిగుడ్డలో చుట్టిన మందు గొట్టాలు. మందు ఎండకు ఆగదు కాబట్టి పొద్దెక్కకముందే కాలికి బలపం కట్టుకుని ఇల్లిల్లూ తిరగాలి. వారం తర్వాత మళ్లీ అవే ఇళ్లకు వెళ్లి, టీకా పొక్కిందో లేదో చూడాలి. జనం నన్ను "టీకాల సాబ్" అనేవారు. ఆడవాళ్లు ఇంకా సులువుగా "సూదాయన" అనేవారు.

సూది వేయడం పది రోజుల్లో వచ్చేస్తుంది. నన్ను తిప్పలు పెట్టింది పేరు రాయడం. రిజిస్టరు ఉర్దూలో ఉండేది. బిడ్డ పేరు, తండ్రి పేరు, వయసు, మహల్లా అంటే వాడ పేరు, అంతవరకే గడులు. ఇంటి పేరుకు గడి లేదు. ఆ రిజిస్టరు తయారు చేసినవాళ్లకు మన ఇంటి పేర్ల సంగతి తెలియదు, చెప్పినవాళ్లూ లేరు.

నా పేరు నర్సింలు. యాదగిరి నర్సన్నకు మొక్కితే పుట్టానని పెట్టిన పేరు, మా తాత పేరు కూడా అదే. ఉద్యోగంలో చేరిన రోజున గుమాస్తా "క్యా నామ్?" అని అడిగితే నర్సింలు అన్నాను. ఆయన తల ఎత్తకుండానే "నర్సింగ్ రావ్" అని రాశాడు. దిద్దమని నేను అడగలేదు. పైగా ఇంటికి వచ్చి అద్దం ముందు నిలబడి ఆ పేరు రెండుసార్లు పైకి అనుకున్నాను. "పేరు గొప్ప, ఊరు దిబ్బ" అని మా అమ్మ ఎకసెక్కం చేసింది. చొక్కా పాతదే, చెప్పులు పాతవే. కానీ ఆ రోజు నుంచి మల్లయ్యలు, ఎల్లయ్యలు, పోచయ్యలు నాకు ఒక మెట్టు కింద కనబడటం మొదలైంది. ఇది రాయడానికి సిగ్గుగా ఉంది. అయినా ఇది రాయకపోతే తర్వాత జరిగింది అర్థం కాదు.

పేర్లు ఎక్కడి నుంచి వస్తాయి

లాల్ దర్వాజా దగ్గర ఒక ఇల్లాలు కొడుకు పేరు పెంటయ్య అంటే ముఖం చిట్లించాను. "మంచి పేరు పెట్టరాదా అమ్మా?" అన్నాను.

"మంచి పేర్లు ముగ్గురికి పెట్టినం సాబ్. ముగ్గురు పోయిండ్రు" అంది.

నాలుగోవాడు పుట్టగానే చేటలో పెట్టి పెంటకుప్ప మీద వదిలారట. పక్కింటామె ఎత్తుకుని, గుప్పెడు తవుడు తీసుకుని మళ్లీ తల్లికే ఇచ్చిందట. చావు వచ్చి చూస్తే వీడు పెంట మీద దొరికినవాడు, తవుడుకు మారినవాడు, ఎవరికీ పట్టనివాడు. వదిలేసి పోతుందని నమ్మకం. ఆ రోజు నుంచి అలాంటి పేరు వింటే ముఖం చిట్లించడం మానేశాను, కనీసం వాళ్ల ముందు.

శాలిబండలో ఒక కంసాలి ఇంట్లో పిల్లవాడి పేరు ఫకీరయ్య. పీరీలకు మొక్కితే పుట్టాడు. ఏటా పీరీల పండుగకు వాడికి పచ్చబట్ట కట్టి ఐదిళ్లలో అడుక్కు రమ్మనేవారు. సోమవారం పుట్టినవాడు సోమయ్య, ఆయితారం, అంటే ఆదివారం, పుట్టినవాడు అయితయ్య. ఇంటి పేర్లకూ ఇలాంటి కథలే. గాజులు అమ్మినవాళ్లు గాజులవాళ్లు అయ్యారు. గడ్డం వారింట్లో మాత్రం నేను చూసిన నలుగురు మగవాళ్లూ నున్నగా గీసుకునేవారు. ఏ ముత్తాతకు ఉండేదో, గడ్డం ఆయనతో పోయింది, పేరు మిగిలింది.

ఇవన్నీ వినడం నాకు ఇష్టంగా ఉండేది. కానీ ఒక గడి దగ్గర రోజూ పని ఆగిపోయేది. అదే తండ్రి పేరు. మేము వెళ్లేసరికి మగవాళ్లు పనుల మీద పోయి ఉండేవారు. ఇల్లాలిని అడగాలి. ఆమె మొగుడి పేరు నోట పలకదు. పలికితే ఆయన ఆయుష్షు తగ్గుతుందని భయం. మామ పేరూ అంతే. వేళ్లు చూపించి, వస్తువులు చూపించి మాతో చెప్పించేవారు. ఒకామె మొగుడు చంద్రయ్య. ఆమె పైకి చూపించి, "రాత్రి వస్తడు సాబ్" అంది. నా తోటి ఉద్యోగి "దొంగనా?" అన్నాడు. ఆమె కొంగు నోట్లో కుక్కుకుని లోపలికి పారిపోయింది. మా టీకాలవాళ్లకు అదొక వేడుక. తెలిసిన పేరే అయినా, "చెప్పు, చెప్పు, నువ్వు చెప్తేనే రాస్త" అని సతాయించేవాళ్లం. అందరం నవ్వుకునేవాళ్లం, ఒక్కోసారి వాళ్లు కూడా నవ్వేవారు. నవ్వారు కదా, తప్పేమిటి అనుకునేవాణ్ని.

దుడ్డెలోళ్లు

గౌలిపురాలో పాల వ్యాపారం చేసే ఒక ఇల్లుండేది. వాకిట్లో ఆరేడు బర్రెలు, ఎప్పుడూ కుడితి వాసన. వాళ్ల అసలు ఇంటి పేరు ఏదో ఊరి పేరట. మూసీ పొంగిన ఏడు ఆ ఇంటి పెద్ద ఒక దుడ్డెను, అంటే బర్రె దూడను, మెడ మీద వేసుకుని నడుము లోతు నీళ్లలోంచి తెచ్చాడు. అప్పటి నుంచి గల్లీ అంతా వాళ్లను దుడ్డెలోళ్లు అంటున్నది. నేను వెళ్లేనాటికి వాళ్లకే పాత పేరు సరిగా గుర్తు లేదు.

ఆ పెద్దాయన పేరు మల్లయ్య. ఆయన కొడుకు మల్లయ్య. ఈయన కొడుకులు కూడా మల్లయ్యలే. కొమురవెల్లి మల్లన్న వాళ్ల ఇంటి దేవుడు. పుట్టిన ప్రతి మగబిడ్డకూ ఆయన పేరే పెడతామని మొక్కు. అందువల్ల ఆ ముగ్గురు పిల్లలూ పెద్ద మల్లయ్య, నడిపి మల్లయ్య, చిన్న మల్లయ్య. తెలంగాణలో ఇది వింతేమీ కాదు, ఏ వాడకు పోయినా ఇట్లాంటి ఇల్లొకటి దొరుకుతుంది. పిల్లల తల్లి లచ్చమ్మ. పాతికేళ్లు కూడా ఉండవు. ఆమె చిక్కు చూడండి. మొగుడి పేరు పలకకూడదు, మామ పేరు పలకకూడదు, అదే పేరు కాబట్టి కన్న కొడుకుల పేర్లు కూడా పలకకూడదు. పెద్దోడు, నడిపోడు, చిన్నోడు అని పిలుచుకునేది.

పెద్దోడికి ఒక ఏడు, నడిపోడికి మరుసటి ఏడు టీకా వేశాను. రెండుసార్లూ తండ్రే ఇంట్లో ఉండి చెప్పాడు. రెండుసార్లూ రిజిస్టరులో ఒకటే రాశాను: మల్లయ్య, తండ్రి మల్లయ్య, గౌలిపురా.

ఇన్‌స్పెక్టర్ సాబ్

మా ఇన్‌స్పెక్టర్ ఉత్తరాది నుంచి వచ్చినవాడు. తెలుగు రాదు. చాలా నిజాయితీపరుడు, ఆ మాట ముందే చెప్పాలి. ఆయన రాకముందు మాలో కొందరు చెట్టు కింద కూర్చుని లేని పిల్లల పేర్లు రాసి, మందు మోరీలో పోసేవారు. ఆయన ఆ దొంగతనం పట్టి ఒకణ్ని ఇంటికి పంపాడు. పట్టిన పద్ధతి ఏమిటంటే, ఒకే పేరు రెండుసార్లు వస్తే అనుమానించడం.

నా రిజిస్టరు తిరగేస్తూ దుడ్డెలోళ్ల దగ్గర ఆగాడు. "ఏక్ ఘర్, ఏక్ బాప్, దో మల్లయ్య?" అని నా వైపు చూశాడు. పెద్ద, నడిపి అని చెప్పబోయాను. ఆయన వినలేదు. కన్నబిడ్డలందరికీ ఏ తల్లిదండ్రులైనా ఒకే పేరు పెడతారా అని నవ్వాడు. ఎర్ర సిరాతో నడిపోడి వరుస కొట్టేశాడు. ఇంకోసారి కనబడితే ఉద్యోగం ఉండదన్నాడు.

నేను వాదించి ఉండాల్సింది. ఆయన్ను గౌలిపురాకు తీసుకెళ్లి ఇద్దరు పిల్లలనూ పక్కపక్కన నిలబెడితే పది నిమిషాల్లో తేలిపోయేది. నిజాయితీపరుడు కాబట్టి ఒప్పుకునేవాడు కూడా. కానీ నాకు భయం వేసింది. దానికంటే చెడ్డ సంగతి, ఆయన ముందు ఆ పేర్ల కోసం నిలబడటం నామోషీ అనిపించింది. నర్సింగ్ రావ్ అనేవాడు మల్లయ్యల తరఫున ఏం మాట్లాడతాడు!

ఆ పొద్దున

మరుసటి ఏడు చలికాలంలో మళ్లీ ఆ గల్లీకి వెళ్లాను. లచ్చమ్మ మొగుడు పాలు పోయడానికి పోయాడు. పెద్ద పిల్లలిద్దరూ బర్రెల వెంట పోయారు. లోపల అత్త ఉంది. లచ్చమ్మ చిన్నోణ్ని చంకన వేసుకుని గడప దగ్గరికి వచ్చింది. వాడికి రెండేళ్లుంటాయి. ఆమె అప్పటికే వాడి చొక్కా చేయి భుజం దాకా మడిచి, జబ్బ నా వైపు తిప్పి పట్టుకుంది.

నేను రిజిస్టరు తీశాను. ఎర్ర గీత కనబడింది.

"మీ ఇంట్ల మల్లయ్యకు అయిపోయింది గదమ్మా" అన్నాను.

"వీడు చిన్నోడు సాబ్. వీనికి కాలే."

"చిన్నోడంటే పేరు కాదు. పేరు చెప్పు."

ఆమె నవ్వింది. నేను ఎప్పటిలాగే సతాయిస్తున్నానని అనుకుంది. నేనూ నవ్వాను. అందుకే ఆ నవ్వు నాకు ఇప్పటికీ పడదు.

"నీకెర్కే గద సాబ్. నువ్వే రాసుకో."

"నేనెట్ల రాస్త? నువ్వు చెప్పాలె. చెప్పు, చెప్పు."

ఆమె లోపలికి చూసింది. అత్త అక్కడే కూర్చుని పిడకలు పేర్చుతున్నది. మళ్లీ నా వైపు చూసింది. పెదవులు కదిలాయి, మాట రాలేదు. ముఖంలో నవ్వు పోయింది. పిల్లవాడి జబ్బ అలాగే పట్టుకుని ఉంది.

"ఆయన వచ్చినాంక వస్తవా సాబ్?" అంది చివరికి.

"చూద్దాం" అని రిజిస్టరు మూశాను. మళ్లీ వెళ్లలేదు.

సుజాతా, నువ్వు అడుగుతావు, ఏదో ఒక పేరు రాసి వేయరాదా అని. రాజయ్య అని రాస్తే ఎవరు కాదనేవారు? నిజమే. ఆ ఆలోచన నాకు రెండు సందులు దాటాక వచ్చింది. వెనక్కి తిరిగి ఉంటే సరిపోయేది. మందు వేడెక్కుతోంది, ఇంకా పదిళ్లు ఉన్నాయి, మరోసారి చూద్దామనుకుని ముందుకే నడిచాను. తెలియక చేసినవాడికి ఒక దారి ఉంటుంది. నాకు ఆ పిల్లవాడి పేరు తెలుసు, ఆమె ఎందుకు చెప్పలేదో తెలుసు, అమ్మవారు పోస్తే ఏమవుతుందో కూడా అందరికంటే బాగా తెలుసు.

వేపమండలు

ఆ ఎండాకాలం గౌలిపురాలో అమ్మవారు పోసింది. కబురు తెలిసిన పొద్దున సంచి భుజాన వేసుకుని పరుగెత్తాను. దుడ్డెలోళ్ల గుమ్మానికి వేపమండలు కట్టి ఉన్నాయి. వాకిట్లో పసుపు నీళ్లు చల్లారు. పెద్దోడు, నడిపోడు అరుగు మీద గోలీలాడుతున్నారు. వాళ్ల జబ్బల మీద నేను వేసిన మచ్చలు స్పష్టంగా కనబడుతున్నాయి. చిన్నోడు కనబడలేదు.

నన్ను చూసి లచ్చమ్మ గడపలోకి వచ్చింది. జుట్టు విరబోసుకుని ఉంది. ఎన్నాళ్లుగా నిద్ర లేదో. తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండేది.

"మల్లయ్య" అంది, నా కళ్లలోకి చూస్తూ.

లోపల అత్త కెవ్వుమంది. లచ్చమ్మ వెనక్కి తిరగలేదు.

"నా మొగని పేరు మల్లయ్య. మా మామ పేరు మల్లయ్య. లోపల పండుకున్నోని పేరు మల్లయ్య. చెప్పిన గద సాబ్, ఇగ రాసుకో."

"నోరు ముయ్యవే, నా కొడుకును తింటవా!" అని అత్త లోపలి నుంచి నెత్తి కొట్టుకుంటున్నది. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు, ఆ గల్లీలో మిగిలిన పిల్లలందరికీ ఆ రోజే టీకాలు వేశాను. ఒక్కరి పేరు కూడా అడగలేదు.

చిన్నోడు బతికాడు. రెండు కళ్లూ పోయాయి.

ఇన్‌స్పెక్టర్ సాబ్‌కు అంతా చెప్పాను. ఆయన నాతో గౌలిపురాకు నడిచి వచ్చాడు. ముగ్గురు పిల్లలనూ చూశాడు. ఆఫీసుకు వచ్చాక రిజిస్టరు తెప్పించుకుని, తను కొట్టేసిన వరుస మీద వేలు పెట్టి, "మైనే కాటా థా" అన్నాడు. కొట్టేసింది నేనే అని. ఆ తర్వాత మార్జిన్‌లో ఇంటి పేరు, ఇంట్లో పిలిచే పేరు కూడా రాయమని అందరికీ చెప్పాడు. మంచివాడు. కానీ ఆయన కొట్టేసింది నడిపోడి పేరు. వాడికి అప్పటికే టీకా పడింది. చిన్నోణ్ని గడపలో వదిలి వచ్చింది నేను. తప్పు ఇద్దరికీ పంచితే నా వంతు తగ్గుతుందేమో అనుకున్నాను, తగ్గలేదు.

ఆఖరి తిరుగుడు

ఆ రోజు నుంచి లచ్చమ్మ కొడుకును చిన్నోడు అనడం మానేసింది. "మల్లయ్యా!" అని గల్లీ అంతా వినబడేలా పిలిచేది. మొగుడి పేరు నడివీధిలో అరుస్తుందని ఇరుగుపొరుగు ముక్కు మీద వేలేసుకున్నారు. అత్త ఆరు నెలలు మాట్లాడలేదట. మొగుడు మాత్రం, "పిలవనీ, నేనేం సచ్చిన్నా?" అన్నాడట. ఆ పిలుపు నాకు మూడు సందుల అవతలికి వినిపించేది. వినబడితే నడక పెంచేవాణ్ని. తర్వాత తర్వాత అలియాబాద్ వెళ్లాలంటే చుట్టు తిరిగి వెళ్లేవాణ్ని. ఆ ఇంటికి టీకా పని పడితే తోటి ఉద్యోగిని పంపేవాణ్ని. నాకు కూర్చోవడం చేతకాదని మొదట్లో రాశాను కదా. అది అప్పుడు పట్టుకున్న జబ్బే.

నలభైల చివర్లో నాకు జిల్లాకు బదిలీ అయ్యింది. రిజిస్టరు అప్పగించే ముందు రోజు పొద్దున, ఎటో వెళ్లబోయిన కాళ్లు గౌలిపురాకు పోయాయి. లచ్చమ్మ వాకిట్లో కుడితి కలుపుతున్నది. జుట్టు అక్కడక్కడ నెరిసింది. పన్నెండేళ్ల పిల్లవాడు కొట్టంలో బర్రె పొదుగు తడిమి పాలు పిండుతున్నాడు.

"కూసో సాబ్" అంది. నేను కూర్చోలేదు. బదిలీ సంగతి చెప్పాను. ఇంకా ఏదో చెప్పాలని వెళ్లాను, సంచి పట్టీ సవరించుకున్నాను. ఆమె చేతులు కడుక్కుని గడపలోకి వచ్చి నిలబడింది.

"ఒకటడుగుత సాబ్. మా ఇంట్ల అందరి పేర్లు నీ బుక్కుల ఉన్నయ్. నీ పేరేంది?"

ఇన్నేళ్లలో ఆ గల్లీలో ఎవరూ అడగలేదు. నేనూ ఎవరికీ చెప్పలేదు. నోరు తెరిచాను. నర్సింగ్ రావ్ అని నాలుక చివరి దాకా వచ్చింది, ఆ గడప ముందు పలకలేకపోయాను. ఆమె అలాగే చూస్తూ నిలబడింది. చెప్పు, చెప్పు అని తొందర పెట్టలేదు.

"నర్సింలు" అన్నాను.

"మొక్కు పేరా?"

"మొక్కు పేరే. యాదగిరి నర్సన్నది. మా తాత పేరు గూడ."

"మావోనిది గూడ మొక్కు పేరే" అంది. తర్వాత కొట్టం వైపు తిరిగి గట్టిగా పిలిచింది. "మల్లయ్యా, ఇటు రా బిడ్డా. టీకాలాయన వచ్చిండు. పేరు నర్సింలట."

పిల్లవాడు చెంబు పక్కన పెట్టి, గోడ తడుముకుంటూ మా దాకా వచ్చాడు. నా ఎదురుగా నిలబడి, చొక్కా చేయి భుజం దాకా మడుచుకుని, జబ్బ నా వైపు తిప్పి చాపాడు.